బొకేలమ్మ కూతురికి ఏ పువ్వు ఇష్టం

ఆ వీధిలో అందరూ ఆవిడని బొకేలమ్మ అంటారు. పెళ్ళికూతురు చేత్తో పట్టుకుని నడిచే పూలగుత్తి కట్టడం ఆవిడ వృత్తి. ఆ పెళ్ళికూతురి గురించి కూపీ లాగడం ఆవిడ సరదా. ఈ రెండింట్లో ఏది ముందు మొదలైందో కట్టుకున్న మొగుడు కూడా చెప్పలేడు.

ఆవిడ షాపు, కుట్టుమిషన్లు బాగుచేసే షాపుకీ జిరాక్స్ షాపుకీ మధ్య ఇరుక్కుని ఉంటుంది. ముందుగదిలో పొడవాటి బల్ల, దాని మీద కత్తెరలు, సన్నతీగ చుట్టలు, రిబ్బన్లు, ఎప్పుడూ తడిగా ఉండే ఒక గుడ్డ. బల్ల కింద ఎంత ఊడ్చినా తరగని ఆకుల చెత్త. వెనకాల అద్దాల తలుపున్న చల్లగది. అందులో గోడల పొడవునా బకెట్లు, బకెట్ల నిండా పూలు. ఆ గదిలో అడుగుపెట్టిన వాళ్ళు ఎవరైనా సరే గొంతు తగ్గించి మాట్లాడతారు. ఎందుకలా మాట్లాడతారన్నది బొకేలమ్మని చాలాకాలం వేధించింది. కారణం తెలియని సంగతి ఒకటి ఇంట్లో ఉంటే ఆవిడకి అన్నం సహించదు. చివరికి, చలికి ఎవరూ నోరు పూర్తిగా తెరవరు, అంతే తప్ప భక్తీ గౌరవమూ కాదని తేల్చుకుని ఊపిరి పీల్చుకుంది.

ఆవిడ ఆరా తీయని మనిషి లేడు. బస్సులో పక్కసీటు వాళ్ళు దిగేలోపు వాళ్ళ మేనమామ ఉద్యోగం దాకా తెలుసుకుంటుంది. పళ్ళ డాక్టరు నోట్లో అద్దం పెట్టి చూస్తుంటే, ఆ అద్దంతోనే "మీకు సంబంధాలు చూస్తున్నారా?" అని అడగబోయి నాలుక కొరుక్కుంది. అయినా ఎవరికీ ఆవిడ మీద కోపం రాదు. ఆవిడ అడిగేది చాడీలు మోయడానికి కాదు. నిజంగా తెలుసుకోవాలని అడుగుతుంది, విన్నది గుర్తుపెట్టుకుంటుంది. అంత శ్రద్ధగా మన గోడు వినేవాళ్ళు ఎంతమంది ఉన్నారు చెప్పండి?

ఆవిడ పనిలో ఒక కిటుకుంది. పెళ్ళికూతురు ఎప్పుడూ ఒక్కతే రాదు. తల్లి, పిన్ని, మేనత్త, ఒక వదిన, వాళ్ళందరి ఫోన్లలో తలా నాలుగు ఫోటోలు. బొకేలమ్మ అందరి మాటా వింటుంది, అన్నింటికీ తలూపుతుంది. ఆ తరువాత, "అమ్మా, నువ్వొక్కదానివే లోపలికెళ్ళి ఓసారి అలా చూసి రా" అని పెళ్ళికూతురిని చల్లగదిలోకి పంపి తలుపు మూసేస్తుంది. తను ఇవతల నిలబడి రిబ్బను చుడుతున్నట్టు నటిస్తూ అద్దంలోంచి ఆ పిల్ల చేతినే చూస్తుంది. కళ్ళు ఫోనులో చూసిన పువ్వుని వెతుక్కుంటాయి, నోరు అత్త మెచ్చే పువ్వు పేరు చెబుతుంది. చెయ్యి మాత్రం ఎవరూ చూడటం లేదనుకుని తనకి నచ్చినదాని దగ్గరికి వెళ్ళి ఓసారి తాకుతుంది. బొకేలమ్మ ఆ పువ్వుని గుర్తుపెట్టుకుని, ఏమీ ఎరగనట్టు గుత్తి మధ్యలో కడుతుంది. పెళ్ళిరోజు పొద్దున పెళ్ళికూతురు అది చూసి, "అయ్యో, ఇదంటే నాకు ప్రాణం. మీకెలా తెలిసిందండీ?" అని అడిగితే చాలు, ఆ వారమంతా ఆవిడ నేల మీద నడవదు.

ఆవిడకి ఒళ్ళుమండే జవాబు ఒకటే ఉంది. అది "మీ ఇష్టమండీ" అన్న మాట. "నా ఇష్టమైతే పెళ్ళి కూడా నేనే చేసుకుంటాలే, నువ్వింటికెళ్ళు" అని ఒక పిల్లని మొహం మీదే అనేసింది. పాపం ఆ పిల్ల బిక్కమొహం వేసి, ఆ తరువాత పగలబడి నవ్వి, తెల్ల లిల్లీలు కావాలని ఒప్పుకుంది.

ఇలాంటి ఆవిడ ఇంట్లోనే పెళ్ళి కుదిరింది.

ఒక్కతే కూతురు. కళ్ళజోళ్ళ షాపులో అద్దాలు అమర్చే పని చేస్తుంది. నెమ్మదైన పిల్ల, పోలిక తండ్రిది. ఆ తండ్రి షాపు వ్యాను నడుపుతాడు, పూలు చేరవేస్తాడు, మాట్లాడితే నోట్లోంచి ముత్యాలు రాలిపోతాయన్నట్టు ఉంటాడు. పెళ్ళికొడుకు లిఫ్టులు బాగుచేసే మెకానిక్కు. ఒకసారి లిఫ్టు మధ్యలో ఆగిపోతే, లోపల చిక్కుకున్న ఈ అమ్మాయికి పైనుంచి ధైర్యం చెప్పి దింపాడు. అలా మొదలైంది. ఆ కథని బొకేలమ్మ కాబోయే అల్లుడి చేత ఎన్నిసార్లు చెప్పించుకుందో లెక్కలేదు. ప్రతిసారీ, "అప్పుడు మా అమ్మాయి ఏమంది?" అని అడిగేది. "ఏమీ అనలేదత్తయ్యా, థాంక్స్ అంది" అని అతను అదే జవాబు చెప్పేవాడు.

ఒకరోజు రాత్రి భోజనాల దగ్గర తల్లి అడిగింది.

"ఏమే, నీ బొకేలోకి ఏ పూలు కావాలి?"

"నీ ఇష్టం అమ్మా" అంది కూతురు, చొక్కా అంచుతో కళ్ళజోడు తుడుచుకుంటూ. "ఆ రోజే హోటలు వాళ్ళ పెద్ద ఆర్డరుందన్నావుగా. అందులో మిగిలినవాటితో ఏదో ఒకటి కట్టెయ్."

బొకేలమ్మ మురిసిపోయింది. "చూశారా, ఎంత పొదుపో! ఊళ్ళో పెళ్ళికూతుళ్ళు నా ప్రాణం తోడేస్తుంటారు. నా పిల్ల బంగారం" అని మొగుడికి చెప్పింది. ఆయన కూతురి వైపు ఒకసారి చూసి, "ఊ" అని కంచంలోకి తలదించుకున్నాడు.

మర్నాడు పొద్దున పళ్ళు తోముకుంటుంటే బొకేలమ్మ చెయ్యి ఆగిపోయింది. తనకి ఒళ్ళుమండే జవాబే కూతురు చెప్పింది. ఇంకెవరైనా చెప్పుంటే తలుపు దాకా తరిమేది. కూతురు చెబితే మెచ్చుకుంది. పోనీలే, దానికేది ఇష్టమో నాకు తెలీదా ఏమిటి అనుకుని, గుర్తుచేసుకోబోయింది. మ్యూజిక్ టీచరు కూతురికి తెల్ల లిల్లీలు. బ్యాంకు మేనేజరు కోడలికి ఊదారంగు ఆర్కిడ్లు. జిరాక్స్ షాపాయన చెల్లెలికి, అదేం రుచో గానీ, గోధుమవెన్నులు. ఎన్నేళ్ళ కిందటి పెళ్ళికూతురినైనా అడగండి, ఆవిడ చెబుతుంది. సొంత కూతురి దగ్గరికి వచ్చేసరికి ఏమీ గుర్తురాలేదు. ఆవిడకి తలకొట్టేసినట్టయింది.

ఇక ఆగుతుందా? కూతురు పనిలోకి వెళ్ళగానే దాని బీరువా తెరిచింది. గీతల చొక్కాలు, గళ్ళ చొక్కాలు, చుక్కల గౌను. వెతికి చూస్తే ఒక్క పువ్వు లేదు. కర్టెన్లు నున్నగా నీలంరంగువి. దిండుగలీబు తెలుపు. ఫోను తొడుగు మీద పడవ బొమ్మ. పూలషాపు వాళ్ళ ఇంట్లో, ఆ గదిలో ఒక్క పూలబొమ్మైనా లేకుండా ఇన్నేళ్ళు గడిచాయి, తను చూడనే లేదు. వ్యానులో వెళుతూ మొగుడిని అడిగింది.

"ఏమండీ, అమ్మాయికి ఏ పువ్వంటే ఇష్టం?"

ఆయన సిగ్నలు దగ్గర బ్రేకు వేసి, "నన్నడుగుతావేంటి?" అన్నాడు. అందులో విసుగేమీ లేదు. అయినా ఆవిడకి ఎక్కడో చురుక్కుమంది.

ఇక తన కిటుకే శరణ్యం. మర్నాడు కూతురు భోజనం డబ్బా ఇవ్వడానికి షాపుకి వస్తే, "లోపల ఆ తెల్లవి వాడిపోతున్నాయేమో కాస్త చూసి రావే" అని చల్లగదిలోకి పంపి, రిబ్బను చేతిలోకి తీసుకుంది. అద్దంలోంచి చూస్తే, పిల్ల తెల్లవాటి దగ్గర ఆగలేదు. లిల్లీల దగ్గరా ఆగలేదు. ఈ బకెట్లన్నీ గోడలైనట్టు వాటి పక్కనుంచి నడిచి, తలుపు వెనక మూలకి వెళ్ళి గొంతుక్కూర్చుంది. కాడ విరిగినవీ, రేకు నలిగినవీ, అమ్మకానికి పనికిరానివీ పడేసే బకెట్టు అది. అందులోంచి ఒక గులాబీ తీసి, పైనున్న కమిలిన రేకుల్ని ఒక్కొక్కటీ ఒలిచింది. చిన్నప్పటినుంచీ చేసిన పనిలా చకచకా ఒలిచి, ఇంకొకటి తీసుకుంది.

"ఇవి బాగానే ఉన్నాయమ్మా. నాకివి చాలు" అంది బయటికొచ్చి.

"ఛీ, నోరుముయ్. పెళ్ళికూతురివే నువ్వు!" అని తల్లి నవ్వింది. నవ్విందే గానీ ఆ తరువాత కట్టిన గుత్తికి తీగ రెండుసార్లు తప్పు చుట్టింది. తన కిటుకు ఇంతవరకు ఎవరి దగ్గరా తప్పలేదు. ఇప్పుడు తప్పిందా, లేక నిజమే చెప్పిందా? ఎటూ తోచలేదు.

తెలిసినవాళ్ళు ఇంకొక్కరే మిగిలారు. కాబోయే అల్లుడు ఆ రోజు ఒక ఆరంతస్తుల భవనంలో లిఫ్టు బాగుచేస్తున్నాడని కనుక్కుని, చెప్పాపెట్టకుండా వెళ్ళింది. అతను గ్రీజు చేతులతో లిఫ్టు గుంటలోంచి తల పైకెత్తి, అత్తగారిని చూసి కంగారుగా పైకెక్కాడు. మెట్ల మీద కూర్చుంది ఆవిడ.

"బాబూ, దాచకుండా చెప్పు. దానికి పూలంటే ఇష్టం లేదా?"

అతను గ్రీజు చేతులు గుడ్డతో తుడుచుకున్నాడు. "నన్ను మళ్ళీ మళ్ళీ అడగనంటే ఒకటి చెప్తానత్తయ్యా."

"అడగను. చెప్పు."

"మొదటిసారి బయటికెళ్ళినప్పుడు పసుపు చామంతులు తీసుకెళ్ళాను. తీసుకుంది. గుత్తిని అటూ ఇటూ తిప్పి, వెనకాల ఏదో వెతికినట్టు చూసి, 'ఇవి ఎవరివి?' అని అడిగింది. నీకే అన్నాను. 'అది కాదు, ముందు ఎవరికోసం కట్టినవి?' అంది. జోకనుకుని నవ్వాను. తను నవ్వలేదు. నీకోసమే కట్టించానని ఎంత చెప్పినా నమ్మినట్టు కనిపించలేదు. దిగేటప్పుడు బస్సులో పక్కనున్న ముసలావిడకి ఇచ్చేసింది." అతను ఆగి, నిజంగానే తెలుసుకోవాలన్నట్టు అడిగాడు. "అలా ఎందుకడిగిందత్తయ్యా? మీకేమైనా తెలుసా?"

ఊరందరి సంగతులూ తెలిసిన బొకేలమ్మకి ఇదీ తెలుసు.

ఆ పిల్ల చిన్నప్పుడు, రోజూ సాయంత్రం షాపులో మిగిలినవి ఆవిడ ఇంటికి తెచ్చేది. గడప దాటకముందే పిల్ల ఎదురొచ్చి, "ఇవాళ ఎవరివమ్మా?" అనేది. "ఇవాళ ఒక హెడ్మాస్టరుగారివే, రిటైరయ్యారు. బొకేలు ఎక్కువై ఒకటి వెనక్కి పంపించారు." "ఇవాళ ఆసుపత్రిలో ఒక మామ్మగారివి, మనం చేరేలోపు నయమై ఇంటికెళ్ళిపోయింది." పూలతోపాటు వాటి అసలు యజమానుల కథ కూడా వచ్చేది. ఇంట్లో అదొక ఆటైపోయింది. పుట్టినరోజులకైతే బల్ల నిండా పూలే. ఒక ఏడాది, తప్పిపోయిన నిశ్చితార్థం తాలూకు గులాబీలు వచ్చాయి. రిబ్బను మీద కలిపి కుట్టిన రెండక్షరాలు కనబడకుండా ముడి వెనక్కి తిప్పింది తను. ఈ వీధిలో ఏ పిల్ల పుట్టినరోజుకైనా ఇన్ని పూలున్నాయా అని గర్వపడింది కూడా. పిల్ల ఆ ముడి వెనక్కి తిప్పి చూసే ఉంటుందని ఇప్పుడు తట్టింది.

పూలు అమ్ముకునేవాళ్ళు తప్ప ఇలాంటి పొరపాటు ఇంకెవరు చేస్తారు? ఇంకో ఇంట్లో పిల్లకి ఏడాదికొక పువ్వు కొంటే, అది ఆ పిల్లకోసమే కొంటారు. ఇక్కడ ఏడాది పొడవునా ఇల్లు పూలతో నిండిపోయింది, అందులో ఒక్కటి కూడా పిల్లని తలుచుకుని తెచ్చింది కాదు. నన్నడిగితే బొకేలమ్మని పూర్తిగా తప్పుపట్టలేను. పారెయ్యలేక తెచ్చింది, ప్రేమగానే తెచ్చింది. కానీ ఆ మెట్ల మీద కూర్చున్న ఆవిడకి ఆ మాట ఎవరు చెప్పినా ఎక్కేది కాదు. సిగ్గుతో, బాధతో ఆవిడ రెండు చేతుల్లో మొహం దాచుకుంది. అల్లుడు మంచినీళ్ళ సీసా తెచ్చిచ్చి, తన ప్రశ్న మళ్ళీ అడగకుండా పక్కన నిలబడ్డాడు.

ఆ సాయంత్రం కూతురు బట్టలు ఇస్త్రీ చేసుకుంటుంటే వెళ్ళి మంచం చివర కూర్చుంది.

"నా మీద కోపమా నీకు?"

"ఎందుకు?"

"ఎప్పుడూ ఎవరో వదిలేసిన పూలే తెచ్చాను నీకు."

కూతురు ఇస్త్రీపెట్టె నిలబెట్టి, తల్లి మొహంలోకి చూసింది. "అయ్యో, ఏడుస్తున్నావా? కోపమేం లేదమ్మా. ఆ కథలంటే నాకిష్టం కూడాను. కాకపోతే..." అని ఇస్త్రీ చేసిన చొక్కా మడతపెట్టింది. "నాకేది ఇష్టమో నిజంగా నాకే తెలీదమ్మా. వచ్చినవి చూసేదాన్ని, అంతే. మా షాపులో ఒక్కొక్కళ్ళూ గంటసేపు అద్దం ముందు నిలబడి, ఇది కాదు, అది, అది కూడా కాదు అంటారు చూడు. వాళ్ళకెలా తెలుస్తుందా అని నాకు భలే ఆశ్చర్యం."

"మరి పెళ్ళికి?"

"మిగిలినవి నీకు బాధైతే మానేద్దాం. ఉత్త చేతులతో నడుస్తాను. నువ్వేమీ అనుకోకూడదు."

ఊళ్ళో ప్రతి పెళ్ళికూతురి చేతికీ పూలు కట్టిన తల్లి, తన కూతురు ఉత్త చేతులతో నడుస్తుంటే చూడాలి. ఎవరో నవ్వుతారని కాదు ఆవిడ బెంగ. నవ్వితే నవ్వనీ. పిల్ల ఇంకో ఇంటికి వెళ్ళిపోయేలోపు, దానికి కావలసింది ఒక్కటి, ఒక్కటంటే ఒక్కటి, దాని నోటితో చెప్పించలేకపోతే ఇక తను తెలుసుకున్నదంతా ఎందుకు? అదీ ఆవిడ బెంగ.

గుమ్మంలో నిలబడ్డ తండ్రి గొంతు సవరించుకున్నాడు. "రేపు మార్కెట్టుకి తీసుకెళ్ళు" అన్నాడు. వెళ్ళబోతూ వెనక్కి తిరిగి, "నువ్వు మాత్రం నోరు మెదపకు" అని కూడా చేర్చాడు. ఆయనకది ఉపన్యాసం కిందే లెక్క.

ఇన్నేళ్ళలో టోకు మార్కెట్టుకి కూతురిని ఎప్పుడూ తీసుకెళ్ళలేదు. చీకటితో లేవాలి, పిల్ల నిద్ర పాడుచెయ్యడమెందుకని. అలా పెళ్ళికి ముందురోజు తెల్లవారుజామున ముగ్గురూ వ్యానులో వెళ్ళారు. పెద్ద రేకుల షెడ్డు, కింద తడినేల, తలల మీద గంపలతో "పక్కకి, పక్కకి!" అని అరిచే కూలీలు, ఎత్తుగా పేర్చిన కట్టలు. పిల్ల నోరు తెరుచుకుని చూసింది. బొకేలమ్మని అందరూ పలకరించారు. ఆవిడ చేత్తోనే జవాబిచ్చి, పెదవులు బిగబట్టుకుని కూతురి వెనకాలే నడిచింది. ఆ నోటికి అంత కష్టం ఎప్పుడూ రాలేదు. సంచిలో ఫోను మోగింది. హోటలు వాళ్ళు. ఆవిడ తియ్యలేదు.

పిల్ల గులాబీల దగ్గర నిలబడింది. ఎర్రవి, గులాబీరంగువి, తెల్లవి. ఒకటి వాసన చూసింది, దూరంగా పెట్టి చూసింది, దగ్గరికి తెచ్చింది. తన పనిలో అద్దాన్ని వెలుతురుకి పట్టి చూసినట్టే చూసింది. ఉన్నట్టుండి వెనక్కి తిరిగింది.

"అమ్మా, నాకు గులాబీలు నచ్చవు!"

"ఎప్పటినుంచి?" అంది బొకేలమ్మ, ఆపుకోలేక.

"ఏమో! ఇప్పుడే తెలిసింది." తనే తెల్లబోయి, వెంటనే నవ్వేసింది.

గులాబీలు నచ్చని కూతురు పుట్టిందని ఏ పూలవ్యాపారైనా సంతోషిస్తాడా? బొకేలమ్మకి మాత్రం గంతులెయ్యాలనిపించింది. ఇక పిల్లని పట్టడానికి లేదు. లిల్లీలు మరీ బిగుసుకుని నిలబడ్డాయి, వద్దు. ఆర్కిడ్లు ప్లాస్టిక్కులా ఉన్నాయి, వద్దు. కార్నేషన్లని చూసి మొహం ముడిచింది. వద్దన్న ప్రతిసారీ గొంతు కాస్త పెరిగింది, నడక కాస్త జోరందుకుంది. తండ్రి వెనకాల ఖాళీ బుట్ట పట్టుకుని, ఎప్పుడూ లేంది, తనలో తను నవ్వుకుంటున్నాడు.

షెడ్డు చివర, ఇంటి పెరట్లో పెంచినవి తెచ్చి అమ్మే ఒకామె కూర్చుంది. ఆమె ముందు కాస్మోస్ పూల కట్టలు. పీచులాంటి కాడలు, గాలికి కూడా ఆగని పలచటి రేకులు, తెలుపూ లేతగులాబీ కలిసినవి. పిల్ల వాటి ముందు కూర్చుండిపోయింది.

ఇన్నేళ్ళ వృత్తిలో బొకేలమ్మ ఏ పెళ్ళికూతురి చేతికీ ఆ పూలు కట్టలేదు. కట్టేవాళ్ళకి మతిలేదనుకునేది. నోరు మెదపకూడదు, నిజమే. కానీ కొనుక్కోవడానికొచ్చిన ఏ పెళ్ళికూతురికైనా నిజం చెబుతుంది కదా, తన పిల్లకెందుకు చెప్పకూడదు?

"అవి నిలవవే" అంది మెల్లిగా. "రేపు మధ్యాహ్నానికి రేకులు రాలిపోతాయి. ఫోటోల్లో సగం కాడలే పడతాయి."

"రాలితే రాలనీ అమ్మా. నాకు ఇవే కావాలి."

కూతురి నోట ఆ మాట ఆవిడ వినడం అదే మొదలు. పెళ్ళికూతుళ్ళు విసుగ్గా, గారంగా, పేచీపెట్టి రోజూ అనే మాటే. బొకేలమ్మ పమిట చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"నీకు ఇవెందుకమ్మా?" అంది అమ్మే ఆమె బొకేలమ్మని చూసి ఆశ్చర్యపోయి. "ఎన్ని కట్టలిమ్మంటావు?"

"నన్నడక్కు, అమ్మాయినడుగు" అని బొకేలమ్మ పక్కకి తప్పుకుంది.

పిల్ల కట్టలు విప్పించింది. ఒక్కొక్క కాడా పైకెత్తి చూసి, "ఇది వద్దు. ఇదీ వద్దు. ఇది కావాలి. అబ్బే, ఇది కాదు, ఆ కిందది" అంటూ, వెనక్కి చూడకుండా, నచ్చినవాటిని తల్లి చేతికి అందించడం మొదలుపెట్టింది. అమ్మే ఆమెకి ఓపిక నశించింది. ఫిర్యాదు చేద్దామని తలెత్తేసరికి, రెండు చేతుల నిండా పూలతో బొకేలమ్మ వెక్కి వెక్కి ఏడుస్తోంది.

"అయ్యో, ఏమైందమ్మా?"

"ఏం లేదు" అంది బొకేలమ్మ, భుజానికి కళ్ళు ఒత్తుకుంటూ. "మా అమ్మాయికి ఏదీ ఓ పట్టాన నచ్చదు."